"సాలీ వెయిన్‌రైట్ బస్సు నడిపి రైటర్ అయింది, మరి నేను జాబ్ మానేయనా అక్కా?"

ఈసారి ఉత్తరం ఇంగ్లండ్‌లోని లెస్టర్ నుంచి. పేరు వేయొద్దన్నాడు కాబట్టి వేయట్లేదు. చాలా పెద్దగా రాశాడు, కుదించి ఇస్తున్నా:

"అక్కా, నాకు 29. ఇంజనీరింగ్ అయ్యాక మూడేళ్ళు హైదరాబాద్ కృష్ణానగర్‌లో ఒక రైటర్ గారి దగ్గర అసిస్టెంట్‌గా చేశాను. సీన్లు రాశాను, తెర మీద పేరు పడలేదు, డబ్బులు కూడా అంతంతమాత్రమే. ఇంట్లో గొడవలు పడలేక ఎమ్మెస్సీకి ఇక్కడికి వచ్చేశాను. ఇప్పుడు గ్రాడ్యుయేట్ వీసా మీద టెస్టింగ్ జాబ్ చేస్తున్నా, కంపెనీ స్పాన్సర్‌షిప్ ఇస్తానంటోంది. మనసు మాత్రం రాయడం మీదే. హ్యాపీ వ్యాలీ అనే పోలీస్ సిరీస్ చూశాక నిద్ర పట్టలేదు. దాన్ని రాసిన సాలీ వెయిన్‌రైట్ ఒకప్పుడు లండన్‌లో బస్ డ్రైవరట. ఆవిడకి కుదిరింది నాకెందుకు కుదరదు? నా దగ్గర ఇంగ్లీష్‌లో 140 పేజీల సినిమా స్క్రిప్ట్ ఉంది. జాబ్ మానేసి లండన్ వెళ్ళిపోనా? స్క్రీన్‌రైటింగ్‌లో ఎమ్మే చేయనా? నా ఇంగ్లీష్ వీళ్ళ ఇంగ్లీష్‌లా ఉండదు, అది అడ్డమా? ఎవరికైనా పంపితే కథ కొట్టేస్తారేమోనని ఇంకో భయం. మొదటి పది పేజీలు జత చేశాను, మొహమాటం లేకుండా చెప్పు."

తమ్ముడూ, మొహమాటం వద్దన్నావు కాబట్టి ముందు ఆ బస్సు సంగతి తేల్చేద్దాం, ఎందుకంటే నీ ప్లాన్ మొత్తం దాని మీదే నిలబడి ఉంది.

సాలీ వెయిన్‌రైట్ బస్సు నడిపిన మాట నిజమే. కానీ బస్సు దిగి నేరుగా హ్యాపీ వ్యాలీ ఎక్కలేదు కదా, మధ్యలో పాతికేళ్ళు ఉన్నాయి, ఇన్‌స్టాలో ఇలాంటి కథలు షేర్ చేసేవాళ్ళు ఆ పాతికేళ్ళనీ కత్తిరించేసి మొదలూ చివరా అతికిస్తారు. ఆవిడ 1963లో హడర్స్‌ఫీల్డ్‌లో పుట్టింది, పెరిగింది పక్కనే సవర్బీ బ్రిడ్జ్ అనే చిన్న ఊళ్ళో, యార్క్ యూనివర్సిటీలో ఇంగ్లీష్ చదివింది. తను రాసిన నాటకం ఒకటి ఎడిన్‌బరా ఫ్రింజ్ అనే నాటకోత్సవానికి తీసుకెళ్తే దాని వల్ల ఒక ఏజెంట్ దొరికింది. ఏజెంట్ దొరికినా పొట్ట గడవాలి కదా, అందుకు బస్సు. అంటే బస్సు నడిపే టైంకే ఆవిడ చేతిలో ఆడిన నాటకమూ ఉంది, ఏజెంటూ ఉన్నారు. ఆ తర్వాత వచ్చిన పని బీబీసీ రేడియో 4లో ది ఆర్చర్స్. 1951 నుంచి దేశమంతా వింటున్న పల్లెటూరి సీరియల్ అది, మనవాళ్ళకి అంతగా తెలియదు కానీ ఇక్కడ ఒక తరం వాళ్ళకి సాయంత్రం టీ ఎంతో అదీ అంతే. అక్కడ రాసి రాసి, 1994లో కొరోనేషన్ స్ట్రీట్ అనే టీవీ సీరియల్‌కి వచ్చింది, 1999 దాకా అక్కడే ఉంది.

అంటే పదేళ్ళకి పైగా ఆవిడ రాసింది ఎవరో పుట్టించిన పాత్రలకి, ఇంకెవరో ముందే తేల్చిన కథకి, గడియారం చూసుకుంటూ. తన సొంత సిరీస్ అని చెప్పుకునేది, లాటరీలో 3.8 కోట్ల పౌండ్లు తగిలి ఇంట్లో చెప్పకుండా దాచుకున్న లీడ్స్ ఇల్లాలి కథ, ఎట్ హోమ్ విత్ ది బ్రెయిత్‌వెయిట్స్, అది 2000లో వచ్చింది. అప్పటికి ఆవిడకి 36 దాటాయి. హ్యాపీ వ్యాలీ వచ్చేసరికి యాభై దాటాయి. నీకు 29 అని కంగారు పడిపోతున్నావు.

ఈ కొరోనేషన్ స్ట్రీట్ గురించి కొంచెం ఆగి చెప్తాను, ఎందుకంటే నువ్వు నేర్చుకోవాల్సింది అక్కడే ఉంది, నువ్వేమో "సోప్‌లు నాకు నచ్చవు" అని ఒక్క ముక్కలో తోసేశావు. సోప్ అంటే ఏళ్ళ తరబడి సాగే సీరియల్, ఇది 1960 డిసెంబర్‌లో మొదలైంది, మాంచెస్టర్‌లో తీస్తారు, ఒక వీధి, ఒక పబ్, కొన్ని ఇళ్ళు. ఆవిడ చేరినప్పుడు వారానికి మూడు ఎపిసోడ్లు, తర్వాత నాలుగు. ఇంత మెషీన్ ఆగకుండా నడవాలంటే ఒక పద్ధతి ఉండాలి. రైటర్లు, ప్రొడ్యూసర్, స్టోరీ టీమ్ అందరూ ఒక గదిలో కూర్చుని రాబోయే ఎపిసోడ్లలో ఏం జరగాలో కొట్టుకుంటారు, నిజంగానే అరుచుకుంటారు. దాన్ని స్టోరీలైనర్లు అనేవాళ్ళు ఎపిసోడ్ వారీగా కాగితం మీద పెడతారు. ఆ కాగితం ఒక రైటర్ చేతికి వస్తుంది, ఇది నీ ఎపిసోడ్, ఇందులో ఈ మూడు కథలు నడవాలి, ఈ యాక్టర్ సెలవులో ఉన్నాడు వాడొద్దు, ఈ సెట్ ఈ వారం లేదు, రాత్రి షూట్ కుదరదు. ఇప్పుడు రాయి. రాసింది ఇస్తే స్క్రిప్ట్ ఎడిటర్ నోట్స్ ఇస్తారు, మళ్ళీ రాయి, మళ్ళీ నోట్స్, మళ్ళీ రాయి. నీకు మూడ్ లేదంటే అక్కడ వినేవాళ్ళు ఉండరు, డేట్‌కి షూటింగ్ ఉంటుంది.

ఇది చదువుతుంటే నీకు కృష్ణానగర్ గుర్తొచ్చి ఉండాలి! మన దగ్గర కథా చర్చలు, సిట్టింగులు అంటాం చూడు, ఒకడు సీన్ చెప్తాడు, ఇంకొకడు కాదంటాడు, డైరెక్టర్ గారు టీ తాగి "ఇంకేదో కావాలి" అంటాడు. ఆ మూడేళ్ళలో నీకు ఇంకొకళ్ళ కథకి సీన్ రాయడం, రాసింది చించేస్తే మళ్ళీ రాయడం అలవాటైపోయింది కదా, అది ఇక్కడ చాలామంది కొత్త రైటర్లకి ఉండదు, ఒక నోట్ ఇస్తే మొహం మాడ్చుకుంటారు. నీ ఉత్తరంలో ఆ మూడేళ్ళనీ వేస్ట్ అయిపోయినట్టు రాశావు, నాకైతే నీ దగ్గరున్న అసలు సరుకు అదే అనిపించింది. తేడా ఎక్కడంటే ఇక్కడ రాసిన ఎపిసోడ్ మీద పేరు పడుతుంది, డబ్బులు కాంట్రాక్ట్ ప్రకారం వస్తాయి, రైటర్స్ గిల్డ్ ఆఫ్ గ్రేట్ బ్రిటన్ అని 1959 నుంచి ఒక యూనియన్ ఉంది, బీబీసీతో, ఐటీవీ ఛానల్‌తో, ప్రొడ్యూసర్ల సంఘంతో వాళ్ళకి ఒప్పందాలు ఉన్నాయి. కొత్తవాళ్ళని కూడా చేర్చుకుంటారు, చేరు.

సోప్ నుంచి పైకొచ్చింది ఆవిడ ఒక్కతే కూడా కాదు. షేమ్‌లెస్ రాసిన పాల్ అబాట్ కొరోనేషన్ స్ట్రీట్ వాడే, క్రాకర్ రాసిన జిమ్మీ మెక్‌గవర్న్ బ్రూక్‌సైడ్ అనే ఇంకో సోప్‌లో చెయ్యి తిరిగినవాడు. అదే షేమ్‌లెస్‌లో ఎపిసోడ్లు రాస్తూ మొదలైన జాక్ థోర్న్, 2025లో నువ్వూ నేనూ అందరం ఊపిరి బిగబట్టి చూసిన అడాలసెన్స్‌కి స్టీఫెన్ గ్రాహమ్‌తో కలిసి కథ రాశాడు. ఒకళ్ళ సిరీస్‌లో ఇంకొకళ్ళు ఎదగడం ఇక్కడ మామూలే. సాలీ విషయంలో ఆ చెయ్యి కే మెల్లర్ అనే రైటర్‌ది. ఆడవాళ్ళ ఫుట్‌బాల్ టీమ్ మీద కే రాసుకున్న సిరీస్‌లో సాలీ చేత ఎపిసోడ్లు రాయించింది, సోప్ వదిలి సొంతంగా రాసుకో అని వెనక నిలబడింది. ఇద్దరూ యార్క్‌షైర్ వాళ్ళే అనుకో.

సొంత సిరీస్ వచ్చాక దారి సాఫీ అయిపోయిందా అంటే అదీ లేదు. 2006లో సూపర్‌మార్కెట్ మేనేజర్ ప్రధానమంత్రి అయ్యే కథ రాసింది, ఆరు ఎపిసోడ్లు వచ్చి ఆగిపోయింది. అదే ఏడాది బస్ డ్రైవర్ అమ్మాయి కథ, జేన్ హాల్, తను బండి నడిపిన రోజులే, అదీ ఒక్క సిరీస్‌తో సరి. అప్పుడు ఆవిడకి నలభై పైనే, వరసగా రెండు దెబ్బలు! ఆ తర్వాత 2009లో ఐటీవీకి మూడు ఎపిసోడ్ల అన్‌ఫర్‌గివెన్, జైలు నుంచి బయటికొచ్చిన ఒక మనిషి కథ, అది ఎంత గట్టిగా తగిలిందంటే పన్నెండేళ్ళకి నెట్‌ఫ్లిక్స్ సాండ్రా బుల్లక్‌తో సినిమాగా మళ్ళీ తీసింది. 2011లో స్కాట్ అండ్ బెయిలీ, మాంచెస్టర్ ఆడ పోలీసుల కథ, దానికి గ్రేటర్ మాంచెస్టర్ పోలీస్‌లో డిటెక్టివ్‌గా చేసి రిటైరైన డయాన్ టేలర్‌ని పక్కన కూర్చోబెట్టుకుని రాసింది. స్టేషన్‌లో ఎవరు ఎవరితో ఎలా మాట్లాడతారు, శవాన్ని చూసొచ్చాక లంచ్‌లో ఏం తింటారు, అదంతా అలా వచ్చిందే. 2012లో లాస్ట్ టాంగో ఇన్ హాలిఫాక్స్, డెబ్భైల్లో ఉన్న ఇద్దరు ముసలివాళ్ళ ప్రేమకథ. దానికి మూలం వాళ్ళ అమ్మే, భర్త పోయాక చిన్నప్పటి స్నేహితుడు ఇంటర్నెట్‌లో మళ్ళీ తారసపడితే పెళ్ళి చేసుకుంది. ఇంట్లో జరిగింది రాసింది, బాఫ్టా అవార్డు వచ్చింది. తర్వాత హ్యాపీ వ్యాలీకి ఇంకో రెండు.

ఇక్కడ ఒక విషయం గమనించు. హాలిఫాక్స్, సవర్బీ బ్రిడ్జ్, హెబ్డెన్ బ్రిడ్జ్, ఈ ఊళ్ళన్నీ ఒకే లోయ చుట్టుపక్కల ఉంటాయి, కాల్డర్ వ్యాలీ. ఆవిడ గొప్ప పనంతా దాదాపు ఆ చుట్టుపక్కలే. జెంటిల్‌మన్ జాక్ కూడా హాలిఫాక్స్‌లోని షిబ్డెన్ హాల్‌లో బతికిన ఆన్ లిస్టర్ కథే, యాభై లక్షల మాటల డైరీ రాసి అందులో కొంత రహస్య లిపిలో దాచుకున్న మనిషి. ఆ ఇల్లు సాలీకి చిన్నప్పటి నుంచి తెలుసు, ఆ కథ రాయాలని ఏళ్ళ తరబడి తిరిగింది, ఎవరూ ముందుకు రాలేదు, చివరికి 2019లో తెర మీదకొచ్చింది. రెండో సిరీస్ అయ్యాక 2022లో అమెరికా ఛానల్ హెచ్‌బీఓ మాకొద్దని తప్పుకుంది. అప్పటికి ఆవిడ బ్రిటన్‌లో అందరికంటే పేరున్న టీవీ రైటర్లలో ఒకరు, అయినా సరే.

సరే, ఇప్పుడు నీ పది పేజీలు.

నేను కొన్నాళ్ళు ఒక ప్రొడక్షన్ కంపెనీకి స్క్రిప్టులు చదివి రిపోర్టులు రాసిపెట్టే పని చేశాను. ఆ రీడర్ కుర్చీలోంచే చెప్తున్నా. మొదటి పేజీలో టవర్ బ్రిడ్జ్ మీద డ్రోన్ షాట్. వాయిస్ ఓవర్. హీరో నడిచొస్తుంటే కోటు ఎగురుతుంది. మూడో పేజీలో ఎమిలీ అనే అమ్మాయి కాఫీ ఒలకబోస్తుంది. ఏడో పేజీలో ఫ్లాష్‌బ్యాక్, ఊళ్ళో నాన్న. పదో పేజీ అయిపోయేసరికి కూడా వాడికి ఏం కావాలో నాకు తెలియలేదు, ఎవరి దగ్గరా ఏదీ అడగలేదు, ఎవరూ వాడికి అడ్డం రాలేదు. డైలాగులు బానే ఉన్నాయి, నీకు చెయ్యి ఉంది, ఆ నాన్న సీన్‌లో ఒక లైన్ నాకు నచ్చింది కూడా. కానీ ఎమిలీ ఏ ఊరిదో, ఏం పని చేస్తుందో, ఆవిడ రెంట్ ఎవరు కడతారో నీకే తెలియదని చదివేవాళ్ళకి తెలిసిపోతోంది.

హ్యాపీ వ్యాలీ మొదటి ఎపిసోడ్ మొదటి సీన్ మళ్ళీ చూడు, ఈసారి పెన్ను పట్టుకుని. ప్రేమలో దెబ్బతిన్న ఒక కుర్రాడు పిల్లల పార్కులో ఒంటి మీద పెట్రోల్ పోసుకుని లైటర్ పట్టుకుని కూర్చున్నాడు. సార్జెంట్ కేథరిన్ ఫైర్ ఎక్స్‌టింగ్విషర్ పట్టుకుని వస్తుంది, కళ్ళజోడు పెట్టుకుంటుంది, వాడు అంటుకుంటే తన కనుబొమ్మలు కాలకూడదని జోకు. వాడిని మాటల్లో పెట్టడానికి తన గురించి చెప్పుకుంటుంది: వయసు 47, విడాకులు, డ్రగ్స్ మానేసిన చెల్లెలితో కలిసి ఉంటున్నా, ఇద్దరు పిల్లలు, ఒకరు పోయారు ఒకరు మాట్లాడరు, ఒక మనవడు. సిరీస్ మొత్తానికి కావాల్సిన సమాచారమంతా ఒక్క గుక్కలో చెప్పేసింది, కానీ నీకు సమాచారం చెప్తున్నట్టు అనిపించలేదు, ఎందుకంటే ఆ మాటలకి అక్కడ పని ఉంది, వాడి చేతిలో లైటర్ ఉంది. అదే సంగతి నువ్వు వాయిస్ ఓవర్‌లో చెప్పావు. అది రాయడం ఆవిడకి బస్సులో రాలేదు, వందల సోప్ సీన్లు రాసిన చేతికి వచ్చింది. ఇంకో సరదా సంగతి, ఆ కేథరిన్‌గా చేసిన సారా లాంకషైర్ కూడా కొరోనేషన్ స్ట్రీట్‌లో రాకెల్‌గా పేరు తెచ్చుకున్నదే, సాలీ అక్కడ రాస్తున్న రోజుల్లోనే.

మరి నువ్వేం రాయాలి? నీ ఉత్తరం చివర్లో మాటవరసకి ఒక సంగతి రాశావు, అది ఉత్తరంలో పైన వేయలేదు, ఇక్కడ చెప్తా. లండన్ ఈస్ట్ హామ్‌లో నీ ఫ్రెండ్స్ ఉండే ఇల్లు, అగ్రిమెంట్‌లో నాలుగు పేర్లు, ఇంట్లో ఏడుగురు, ఇల్లు అద్దెకిచ్చిన ఏజెంట్ ఇన్‌స్పెక్షన్‌కి వస్తున్నాడని మెయిల్ వస్తే పరుపులు దాచడానికి పడ్డ పాట్లు. నువ్వు నవ్వులాటగా రాశావు. నాకు అక్కడ ఆగిపోవాలనిపించింది. ఊరికే ఇలా ఊహించు, రాత్రి పదకొండు, వంటగది, అగ్రిమెంట్‌లో పేరున్నవాడొకడు, లేనివాడొకడు, లేనివాడు వేర్‌హౌస్ నైట్ షిఫ్ట్‌కి బయల్దేరుతూ బాక్సులో అన్నం సర్దుకుంటున్నాడు.

"రేపు పదింటికి ఏజెంట్ వస్తాడంట."

"నాకు ఆరింటికి అయిపోద్ది డ్యూటీ."

"తెలుసు."

"మరి?"

"లైబ్రరీ తొమ్మిదిన్నరకి తెరుస్తారు."

"ఆరు నుంచి తొమ్మిదిన్నర దాకా?"

"పెరుగు వేసుకో, మిగిలిపోద్ది."

బయటికి పో అని ఒక్కడూ అనలేదు. కానీ వీడు ఆ ఇంట్లో ఎంతవాడో తెలిసిపోయింది, వాడికి ఏం కావాలో తెలిసిపోయింది, నిద్ర, ఒక పరుపు, అంతే. నాకు తోచింది రాశాను, నువ్వు ఆ ఇంట్లో కూర్చున్నవాడివి, నాకంటే పదింతలు బాగా రాస్తావు. ఇది బ్రిటిష్ టీవీ కథే, ఎందుకంటే బ్రిటన్‌లో జరిగింది, ఇక్కడి అద్దె చట్టం, ఇక్కడి షిఫ్టులు, ఇక్కడి చలి. ఆ ఏజెంట్ ఎవడు, వాడికి ఏం ప్రెషర్ ఉంది, పక్కింటి తెల్ల ముసలావిడ కర్టెన్ వెనక నుంచి ఏం చూసింది, ఇవి తెలుసుకుని రాయి.

ఇంగ్లీష్ భయానికి సమాధానం ఇందులోనే ఉంది. ఎమిలీ ఇంగ్లీష్ రాయబోతే నువ్వు దొరికిపోతావు. ఆ ఇంట్లో వాళ్ళ ఇంగ్లీష్, సగం తెలుగు సగం ఆఫీస్ భాష, ఏజెంట్ ముందు ఒకలా వాడు వెళ్ళాక ఒకలా, అది రాయగలిగేవాళ్ళు ఇక్కడ ఎంతమంది ఉన్నారు చెప్పు. సాలీ పాత్రలు మాట్లాడేది కూడా టీవీ ఇంగ్లీష్ కాదు, వెస్ట్ యార్క్‌షైర్ వీధుల్లో మాట. గ్రామర్ తప్పులు మాత్రం యాక్షన్ లైన్లలో ఉండకూడదు, అది ఎవరిచేతైనా చదివించుకో, నీ పదిపేజీల్లో టెన్స్ మారిపోతూనే ఉంది.

ఇంకొకటి, 140 పేజీల సినిమా పక్కన పెట్టు. పేజీకి నిమిషం లెక్కన రెండు గంటల ఇరవై నిమిషాలు, పేరు లేనివాడి నుంచి అంత ఎవరూ చదవరు. బ్రిటన్‌లో కొత్త రైటర్ చేతిలో ఉండాల్సింది ఒక గంట టీవీ డ్రామా మొదటి ఎపిసోడ్, నీ సొంత కథ. దాన్ని తీస్తారని కాదు, దాదాపు ఎవరూ తీయరు, అది నీ చేతిరాత చూపించే శాంపిల్, దాన్ని చూసి వేరే పని ఇస్తారు. బీబీసీలో యాడ్స్ ఉండవు కాబట్టి గంటంటే గంటకి దగ్గర, ఐటీవీలో యాడ్స్ పోను ముప్పావుగంట చిల్లర, నువ్వు 55, 60 పేజీల్లో ఉండేలా చూసుకో. సిరీస్ అంటే అమెరికా వాళ్ళలా పదిమంది రైటర్ల గది అనుకోకు, ఇక్కడ ఆరు ఎపిసోడ్లు ఒక్కళ్ళే రాయడం ఇప్పటికీ మామూలు, అందుకే మొదటి ఎపిసోడ్ చదివినవాళ్ళు మిగతా ఐదు నీకు తెలుసా లేదా అని చూస్తారు.

కంపెనీకి నచ్చితే ఏమవుతుందో కూడా తెలుసుకో, లేదంటే మొదటి మెయిల్‌కే ఇంటికి ఫోన్ చేసి సెలెక్ట్ అయ్యానని చెప్పేస్తావు. ముందు ఆప్షన్ అంటారు, కొంతకాలం నీ కథ వాళ్ళ దగ్గరే ఉండేలా కొంచెం డబ్బు ఇస్తారు. తర్వాత ఛానల్ ఒప్పుకుంటే స్క్రిప్ట్ కమిషన్, డబ్బు విడతలుగా వస్తుంది, ఒప్పుకున్నప్పుడు కొంత, డ్రాఫ్ట్ ఇచ్చినప్పుడు కొంత, వాళ్ళు ఓకే అన్నాక కొంత. ఇంత అయ్యాక కూడా గ్రీన్‌లైట్, అంటే తీయమనే అనుమతి, రాకపోవచ్చు, కమిషన్ అయిన స్క్రిప్టుల్లో చాలావరకు డ్రాయర్లోనే ఉండిపోతాయి. జెస్సీ ఆర్మ్‌స్ట్రాంగ్ అనే రైటర్ మీడియా యజమాని మర్డాక్ కుటుంబం మీద రాసిన స్క్రిప్ట్ అలాగే తీయకుండా ఉండిపోయింది, ఆ మనిషే తర్వాత సక్సెషన్ అనే సిరీస్ తీశాడు, కాబట్టి డ్రాయర్లో ఉన్నదంతా దండగ అని కూడా అనుకోకు.

ఇప్పుడు చేదు విషయం. సాలీ ఎక్కిన నిచ్చెన ఇప్పుడు సగం లేదు. కొత్త రైటర్లకి మొదటి ఎపిసోడ్ ఇచ్చేది ఎక్కువగా డాక్టర్స్ అనే మధ్యాహ్నం సీరియల్, బర్మింగ్‌హామ్‌లో తీసేవాళ్ళు, 2000లో మొదలైంది, 2024 నవంబర్‌లో ఆపేశారు. హోల్బీ సిటీ అనే హాస్పిటల్ సీరియల్ 2022లోనే పోయింది. కొరోనేషన్ స్ట్రీట్, ఎమర్‌డేల్ అనే ఇంకో సోప్ కూడా 2026 జనవరి నుంచి వారానికి అరగంటవి ఐదేసి ఎపిసోడ్లకి తగ్గాయి. ఎపిసోడ్లు తగ్గితే ఉన్న రైటర్లకే పని చాలదు, కొత్తవాళ్ళ సంగతి చెప్పక్కర్లేదు. ఆవిడ చేసిన పనే ఇప్పుడు చెయ్యి అని నీకు చెప్పలేను, ఆ పని చాలావరకు లేదు. కానీ ఆ పని వల్ల వచ్చిన చెయ్యి మాత్రం ఎవరికైనా కావాలి, దాన్ని వేరే దారిలో తెచ్చుకోవాలి. రేడియో 4 ఇంకా 45 నిమిషాల నాటకాలు వేస్తోంది, డ్రోన్ షాట్ వేయడానికి వీలుండదు, నీకు మంచి మందు. మీ లెస్టర్‌లోనే కర్వ్ థియేటర్ ఉంది, లోకల్ రైటర్లతో పనిచేస్తారు, ముందు ప్రేక్షకుడిగా వెళ్ళు, నలుగురు తెలుస్తారు, ఇద్దరు యాక్టర్లు దొరికితే ఆ వంటగది సీన్ చదివించు. నోట్లో పలకని లైన్ ఏదో ఐదు నిమిషాల్లో తెలిసిపోతుంది.

బీబీసీ రైటర్స్ అని ఒక డిపార్ట్‌మెంట్ ఉంది, ఏజెంట్ లేనివాళ్ళ కోసం ఏడాదికోసారి ఓపెన్ కాల్ పెడతారు. స్క్రిప్టులు వేలల్లో వస్తాయి, మొదటి కొన్ని పేజీల్లోనే చాలావరకు పక్కకి వెళ్ళిపోతాయి, అందుకే నీ డ్రోన్ మీద అంత చేదుగా మాట్లాడాను. వాళ్ళ సైట్‌లో స్క్రిప్ట్ లైబ్రరీ ఫ్రీగా ఉంది, ప్రసారమైన సిరీస్‌ల స్క్రిప్టులు, డౌన్‌లోడ్ చేసుకుని చదువు. ఛానల్ 4 వాళ్ళకి కూడా కొత్త రైటర్ల కోర్సు ఉంది, కొద్దిమందినే తీసుకుంటారు, దానికీ ఒక ఒరిజినల్ స్క్రిప్ట్ కావాలి. చూశావుగా, ఎక్కడికెళ్ళినా అడిగేది అదే ఒక్కటి.

ఎమ్మే వద్దు, ఇప్పుడైతే. మంచి స్కూళ్ళు ఉన్నాయి, బీకన్స్‌ఫీల్డ్‌లో నేషనల్ ఫిల్మ్ అండ్ టెలివిజన్ స్కూల్ లాంటిది, కానీ నీకు పడేది ఇంటర్నేషనల్ ఫీజు, ఎమ్మెస్సీ లోన్ ఇంకా తీరలేదని నువ్వే రాశావు, దాని మీద ఇంకోటి ఎత్తుకోకు. డిగ్రీ చూసి ఎపిసోడ్ ఎవరూ ఇవ్వరు.

కథ కొట్టేస్తారన్న భయం, అది మన ఇండస్ట్రీ నేర్పిన భయం, నాకు అర్థమవుతుంది. ఇక్కడ రాసిన క్షణం నుంచే కాపీరైట్ నీదే, ఎక్కడా రిజిస్టర్ చేయక్కర్లేదు. ఐడియాకి మాత్రం కాపీరైట్ ఉండదు, రాసిన రాతకే ఉంటుంది, కాబట్టి ఐడియా చెప్పుకుంటూ తిరగకుండా పూర్తి స్క్రిప్ట్ పంపు, డేట్‌తో ఉన్న మెయిల్స్ దాచుకో. ఎవరికీ చూపించకుండా దాచుకున్న స్క్రిప్ట్‌తో మాత్రం ఎవరూ బాగుపడలేదు.

ఇక జాబ్. మానేయకు. ఇందులో నా దగ్గర రెండో మాట లేదు. ఎందుకంటే ఇక్కడ స్క్రీన్‌రైటర్ అంటే జీతం ఉన్న ఉద్యోగం కాదు, దాదాపు అందరూ ఫ్రీలాన్స్, అంటే సెల్ఫ్ ఎంప్లాయ్డ్. ఇంగ్లీషు వాళ్ళు బస్సు నడుపుతూనో పబ్‌లో గ్లాసులు కడుగుతూనో ఎదురుచూడగలరు, వాళ్ళని దేశం నుంచి ఎవరూ పొమ్మనరు. నీకు వీసా ఉంది. స్టూడెంట్ వీసా మీద సెల్ఫ్ ఎంప్లాయ్‌మెంట్ అసలు కుదరదు, గ్రాడ్యుయేట్ వీసా మీద కుదురుతుంది, స్పాన్సర్‌షిప్‌తో వచ్చే స్కిల్డ్ వర్కర్ వీసా మీద మళ్ళీ మామూలుగా కుదరదు. అంటే డబ్బు తీసుకుని ఫ్రీలాన్స్‌గా రాసే వెసులుబాటు నీకు ఇప్పుడున్న వీసా అయిపోయేదాకానే. ఇంట్లో కూర్చుని నీ కోసం నువ్వు రాసుకోవడానికి ఏ వీసా అడ్డం రాదు అనుకో, డబ్బు చేతులు మారినప్పుడే చిక్కు. కాబట్టి స్పాన్సర్‌షిప్ తీసుకునే ముందు ఒక రిజిస్టర్డ్ ఇమ్మిగ్రేషన్ అడ్వైజర్‌ని కలిసి, నేను పార్ట్‌టైమ్‌గా రైటింగ్ డబ్బులు తీసుకుంటే ఏంటి పరిస్థితి అని సూటిగా అడుగు. వాట్సాప్ గ్రూపులో అడగొద్దు, అక్కడ అందరూ లాయర్లే. ఏళ్ళ తర్వాత నీకంటూ పేరొస్తే గ్లోబల్ టాలెంట్ వీసా అని ఒకటి ఉంది, సినిమా టీవీ వాళ్ళకీ వర్తిస్తుంది, కానీ దానికి చేసిన పని చూపించాలి, ఇప్పుడు దాని గురించి ఆలోచించి లాభం లేదు.

లండన్ కూడా వద్దు. ఆ అద్దెలు కట్టడానికే రెండు షిఫ్టులు చేయాలి, ఇక రాసేదెప్పుడు. లెస్టర్ నుంచి ట్రైన్‌లో గంటా గంటంపావు, మీటింగ్ అంటూ వస్తే వెళ్ళొచ్చు. సాల్ఫర్డ్, లీడ్స్, బర్మింగ్‌హామ్, కార్డిఫ్, ఇప్పుడు పని దేశమంతా ఉంది.

టెస్టింగ్ జాబ్‌లో నీకు ఎన్నింటికి అయిపోతుందో రాయలేదు, అయిదున్నరకే అనుకుంటున్నా. ముందు ఆ ఈస్ట్ హామ్ ఇంటికి ఒక శని ఆదివారం వెళ్ళు, స్క్రిప్ట్ అని చెప్పకుండా ఊరికే కూర్చోకు, చెప్పే కూర్చో, వాళ్ళ బతుకు వాళ్ళకి తెలియకుండా రాయడం బాగోదు, పైగా చెప్తే ఇంకా ఎక్కువ చెప్తారు, పేర్లు ఇల్లు మార్చేయి. తర్వాత మొదటి పది పేజీలు రాసి నాకే పంపు, చదువుతాను. ఎమిలీ ఉంటే మాత్రం పంపకు. ఉండాలనుకుంటే ఆ లెటింగ్ ఏజెంట్‌కి ఆ పేరు పెట్టు, చేతిలో క్లిప్‌బోర్డ్ ఇవ్వు, పదింటికి తలుపు కొట్టించు.